“సర్వరు డౌను” దైవికమా?

మన యూళ్లలోని కార్యాలయములయందు నేడొక క్రొత్త మాట పుట్టి, పండితపామర భేదము లేక అందఱి నోళ్లయందును నానుచున్నది. మండల కార్యాలయమునకు పోయిన రైతునకు, మీ-సేవా కేంద్రము ముంగిట వరుసలో నిలిచిన విద్యార్థికి, చౌకదుకాణముకడ వ్రేలిముద్ర వేసి బియ్యమునకై వేచియున్న వృద్ధురాలికి, బ్యాంకులో పెన్షనుకై కూర్చున్న విశ్రాంతోద్యోగికి ఒక్కటే సమాధానము లభించుచున్నది: “సర్వరు డౌను; రేపు రండి.” చెప్పువానికి సిగ్గు లేదు, వినువానికి కోపము లేదు. వాన కురియలేదన్నట్లు, గోదావరికి వఱద వచ్చినదన్నట్లు, ఇదియు నొక దైవఘటన యని యిరువురును ఒప్పుకొని విడిపోవుచున్నారు. నేటి కూలి పోగొట్టుకొన్నవాడు రేపటి కూలిని గూడ వదలుకొని మఱల వచ్చును.

ఈ యొప్పుకోలు సరికాదని మా యభిప్రాయము. విద్యుత్తు పోవుట, తీగలు తెగుట, యంత్రము అరిగిపోవుట మొదలగు కారణములు లేకపోలేదు. కాని యీ విద్యలో ఆరితేరిన గూగులు సంస్థ ఇంజనీర్లు 2016లో ప్రకటించిన గ్రంథమున, తమ యనుభవమున సేవలు స్తంభించిన సందర్భములలో నూటికి సుమారు 70, పనిచేయుచున్న వ్యవస్థలో చేసిన మార్పులవలననే కలిగినవని వ్రాసిరి. అనగా దైవము పాలు స్వల్పము. మనుష్యుని పాలు అధికము. ఆ మనుష్యుని చేయి సర్వరుపై పడు గడియకు ఆ వృత్తివారు పెట్టుకొన్న పేరు డిప్లాయ్‌మెంటు. ఆ గడియ ఇంజనీర్ల సొంతవ్యవహారమని పౌరులును పత్రికలును ఇంతవఱకు దానివంక చూడలేదు. చూడవలసిన కాలము వచ్చినదని మా మనవి.

ముందుగా విషయమును స్పష్టపఱచుకొందము. వెబ్ అప్లికేషను అనునది మన ఫోనులోగాని కార్యాలయపు కంప్యూటరులోగాని కనబడు పుటల వెనుక కూర్చుండి పనిచేయు గుమాస్తా వంటిది. మనము పేరు వ్రాసి మీట నొక్కగానే ఆ మాట తీగలవెంట పోయి, ఎక్కడనో యొక భవనమున రాత్రింబవళ్లు మేలుకొనియుండు కంప్యూటరును చేరును. అదియే సర్వరు. అందు ముఖ్యముగా రెండు వస్తువులుండును. ఒకటి, ఏ మాటకు ఏ పని చేయవలెనో తెలుపు ప్రోగ్రాము. రెండవది, జనుల పేర్లును, భూముల విస్తీర్ణములును, నిలువలును, బాకీలును వ్రాసియుంచిన డేటాబేసు అను పెద్ద కవిలె. ప్రోగ్రామును వ్రాయువారు మొదట తమ బల్లమీది కంప్యూటరులో వ్రాసి పరీక్షింతురు. పిమ్మట దానిని జనులు వాడుచున్న సర్వరునకు తరలించి, పాతదానిని తప్పించి, క్రొత్తదానిని నడిపింతురు. ఈ తరలింపే డిప్లాయ్‌మెంటు.

బల్లమీద చక్కగా నడచినది సర్వరుమీద ఏల తడబడును? కారణములు మూడు. మొదటిది, రెండు యంత్రములును ఒక్కటి కాకుండుట. ఏ ప్రోగ్రామును ఒంటరిగా నడువదు. ఇతరులు వ్రాసిన అనేక ప్రోగ్రాములపై ఆధారపడియుండును. అవి బల్లమీద క్రొత్తవియు సర్వరుమీద పాతవియు నైనచో పొత్తు కుదురదు. డేటాబేసు చిరునామా, పాస్‌వర్డు, రహస్యపు తాళములు ఒక్కొక్క యంత్రమునకు ఒక్కొక్క విధముగా నుండును. వానిలో నొక్కటి మఱచినను తలుపు తెఱువబడదు. రెండవది పరిమాణము. బల్లమీది కవిలెలో నూఱు పేర్లుండును. సర్వరుమీది కవిలెలో కోటి యుండును. నూఱింటిలో రెప్పపాటున దొరకు పేరు కోటిలో నిమిషము పట్టవచ్చును. ఒక్కడు తలుపు తట్టుట వేఱు. లక్షమంది యొక్కసారి తట్టుట వేఱు. మూడవది, సర్వరు ఎన్నడును ఖాళీగా నుండకపోవుట. క్రొత్త ప్రోగ్రామును పెట్టుచున్న క్షణముననే యొకడు రుసుము చెల్లించుచుండును. మఱియొకడు దరఖాస్తును సగము నింపియుండును. పాఱు నీటిని ఆపకయే కాలువతూమును మార్చుట యెట్టిదో యీ పనియు నట్టిది. ఇల్లు కట్టి చూడు, పెండ్లి చేసి చూడు అని పెద్దలనిరి. ఈ కాలమున వానికి మూడవదిగా సర్వరు మార్చి చూడు అనియు చేర్చుకొనవచ్చును.

ఇట్టి పనియందు ఏమఱుపాటు ఎంత చేటు తెచ్చునో తెలిసికొనుటకు అమెరికాలో 2012 ఆగస్టు 1వ తేదీన జరిగినది చాలును. నైట్ క్యాపిటల్ అను షేర్ల వ్యాపారసంస్థ తన క్రొత్త ప్రోగ్రామును ఎనిమిది సర్వర్లపై నెక్కింపవలసియుండెను. ఏడింటిపై నెక్కించి ఎనిమిదవదానిని మఱచిరి. ఒకడు చేసినపనిని మఱియొకడు సరిచూడవలెనను వ్రాతపూర్వకమైన నియమము ఆ సంస్థలో లేదు. ఆ యెనిమిదవ సర్వరుమీద 2003 నుండి వాడుక తప్పిన పాత ప్రోగ్రామొకటి మిగిలియుండెను. క్రొత్తపనికై యేర్పఱచిన సంకేతము ఆ పాతదానికి పూర్వము వాడిన సంకేతమే యగుటచే, అది మేలుకొనెను. అంగడి తెఱచిన 45 నిమిషములలో ఎవరును కోరని బేరములు సుమారు 40 లక్షలు జరిగెను. సంస్థకు 46 కోట్ల డాలర్లకు పైగా నష్టము వచ్చెను. అంగడి తెఱువకమునుపే ఆ యంత్రము ఉద్యోగులకు 97 ఈ-మెయిళ్లు పంపియుండెను. అవి హెచ్చరికలని యెవరును తలపలేదు. అంతకన్న శోచనీయమైనది, కలవరపాటున వారు సరిగానున్న యేడు సర్వర్లనుండియు క్రొత్త ప్రోగ్రామును తొలగించిరి. దానితో ఆ యేడింటియందును పాత ప్రోగ్రామే మేలుకొనెను. మఱుసటి సంవత్సరము ఆ సంస్థ మఱియొక సంస్థలో కలిసిపోయెను. ముందుకు పోవుట యొక విద్య యైనచో, వెనుకకు వచ్చుటయు నొక విద్యయే. దానిని ఆపత్కాలమున మొదటిసారి అభ్యసించువాడు ఆపదను రెట్టింపు చేసికొనును.

అది వ్యాపారసంస్థ; తన తప్పునకు తన సొమ్ము పోగొట్టుకొనినది. ప్రజలకొఱకు నడుపు సర్వరు అట్టిది కాదు. అచట తప్పు ఒకరిది, నష్టము వేఱొకరిది. అమెరికా ప్రభుత్వము ఆరోగ్యభీమా కొఱకు స్థాపించిన హెల్త్‌కేర్ డాట్ గవ్ అను సైటును 2013 అక్టోబరు 1వ తేదీన దేశమంతటికి నొక్కసారి తెఱచిరి. ఏకకాలమున 50, 60 వేలమంది వత్తురని యెంచిరి. రెండున్నర లక్షలమంది వచ్చిరి. మొదటి దినమున భీమాలో చేరగలిగినవారు ఆఱుగురు మాత్రమే. పిమ్మట నేర్పరులను రప్పించి, రెండు నెలలు మరమ్మతు చేసినగాని అది దారికి రాలేదు. ధనమునకును విద్యకును కొదువలేని దేశమున, ఆ ప్రభుత్వపు ముఖ్యకార్యములలో నొకటి యిట్లయ్యెను. లోపము ధనమున లేదు. ఒక్క దినమున, ఒక్క మీటతో, అందఱికిని తెఱువవలెనను సంకల్పమున నున్నది.

మన దేశమున 2021 జూన్ 7వ తేదీన ఆదాయపుపన్ను శాఖవారు క్రొత్త పోర్టలును తెఱచిరి. దానికొఱకు జూన్ 1 నుండి 6 వఱకు పాతదానిని మూసివైచిరి. తెఱచిన దినమునుండియే ఫిర్యాదులు మొదలయ్యెను. ఆగస్టు 21, 22 తేదీలలో పోర్టలు అందుబాటులోనే లేకపోగా, 23వ తేదీన ఆర్థికమంత్రి నిర్మలా సీతారామన్ గారు దానిని నిర్మించిన సంస్థ ముఖ్యాధికారిని పిలిపించి, సెప్టెంబరు 15లోగా సరిచేయుడని చెప్పవలసివచ్చెను. వ్యక్తులు పన్నుపత్రములు దాఖలు చేయు గడువును సెప్టెంబరు 30 నుండి డిసెంబరు 31 వఱకు పొడిగించిరి. గడువు పెరిగినమాట నిజమే. కాని పట్టణములయందు లెక్కలు చూచుకొను చిన్నవర్తకుడును, వానికి పత్రములు వ్రాసిపెట్టు పన్నుల సలహాదారుడును తెరముందు కూర్చుండి పోగొట్టుకొన్న రాత్రులను ఏ ఉత్తరువు తిరిగి యిచ్చెను?

ఇట్టి సందర్భములలో తఱచుగా వినవచ్చు మాట, “ప్రోగ్రాములో లోపమున్నది” యనునది. లోపము లేని ప్రోగ్రామును మనుష్యుడు వ్రాయజాలడు. ఆ సంగతి వ్రాయువారే ఒప్పుకొందురు. కావున లోపముండుట నేరము కాదు. ఆ లోపమును ఒక్కసారిగా కోటిమందిమీదికి వదలుటయే నేరము. మన నాట ఈ నేరమునకు మూలమైన యాచార మొకటి కలదు. అదియే ప్రారంభోత్సవము. ముహూర్తము మూడు నెలలముందే నిర్ణయమగును, ఆహ్వానపత్రికలు అచ్చగును, వేదిక లేచును, ప్రకటనలు వెలువడును. తెల్లవాఱిన మంత్రిగారు మీట నొక్కవలెను. ఆ మీట వెనుక నేమున్నదో నొక్కువానికి తెలియదు. తెలిసినవానికి వలదని చెప్పు నధికారము లేదు. వంతెనపై బరువు పెట్టి చూడకయే పెండ్లివారి బండ్లను పంపుదురా? సర్వరు విషయమున మాత్రము పరీక్షయు పెండ్లియు నొక్క దినముననే జరుపుచున్నారు.

ముహూర్తపు మోజు మన యొక్కరిది కాదు. ఇంగ్లండులోని టీ.ఎస్.బీ. బ్యాంకు 2018 ఏప్రిల్ నెలలో ఒక వారాంతమున తన ఖాతాలను పాత కంప్యూటర్లనుండి క్రొత్తవానికి తరలించెను. ఆ బ్యాంకు ఖాతాదారులు 52 లక్షలు. వారిలో ననేకులు తమ సొమ్మును తాము చూచుకొనజాలకపోయిరి. వ్యవహారము పూర్తిగా కుదుటపడుటకు డిసెంబరు వచ్చెను. విచారణ జరిపిన న్యాయవాదుల సంఘము, తరలింపును దశలవారీగా గాక ఇంచుమించు ఒక్క పెట్టున జరుపుటను డైరెక్టర్లు ప్రశ్నింపకపోవుట లోపమని 2019లో తేల్చెను. 2022 డిసెంబరులో నియంత్రణాధికారులు ఆ బ్యాంకునకు 4 కోట్ల 86 లక్షల 50 వేల పౌండ్ల జరిమానా విధించిరి. అంతతో నాగక, 2023 ఏప్రిల్‌లో ఆ కాలపు కంప్యూటరుశాఖ ముఖ్యాధికారికిని ప్రత్యేకముగా 81,620 పౌండ్ల జరిమానా వేసిరి. అచట “సర్వరు డౌను” అను మాటతో విషయము ముగియలేదు. ఎవరి నిర్ణయమున డౌనయ్యెనని యడిగిరి. ఆ ప్రశ్నయే మన నాట లేనిది.

ఇక సరియైన మార్గమేది? అది రహస్యవిద్య కాదు. ధవళేశ్వరపు ఆనకట్ట క్రింద బ్రదుకు మన డెల్టావాసులకు ఆ ధర్మము తెలిసినదే. క్రొత్తగా త్రవ్విన కాలువకు తలుపులన్నియు నొక్కసారి యెత్తరు. కొంచెము నీరు వదలి, లస్కరు గట్టువెంట నడచి, ఎక్కడ ఊట పుట్టుచున్నదో, ఎక్కడ మన్ను జాఱుచున్నదో చూచి, ఆ పిమ్మట మఱికొంత నీరు వదలుదురు. ప్రోగ్రామును గూడ నట్లే వదలవచ్చును. మొదట నూటికి ఒకనికి, పిమ్మట పదిమందికి, ఏ లోపమును కనబడనిచో అందఱికిని. ఈ పద్ధతికి ఆ వృత్తివారు కేనరీ యని పేరుపెట్టిరి. బొగ్గుగనులలో విషవాయువును ముందుగా పసికట్టుటకై పనివారు వెంట కొనిపోవుచుండిన చిన్నపిట్ట పేరది. కాని కొంచెము నీరు వదలినంతమాత్రమున చాలదు. గట్టుమీద లస్కరు ఉండవలెను. అనగా తప్పులెన్ని వచ్చుచున్నవో, జవాబునకెంత కాలము పట్టుచున్నదో నిమిషనిమిషమునకు లెక్కపెట్టు నేర్పాటును, ఆ లెక్కను చూచు మనుష్యుడును ఉండవలెను. చూచువాడు లేనియెడల పిట్ట చచ్చినను తెలియదు. నైట్ క్యాపిటల్ వారి 97 ఈ-మెయిళ్లు చెప్పునది ఇదియే.

రెండవ ధర్మము, తిరుగుదారిని ముందే వేసికొనుట. రాజమహేంద్రవరమువద్ద గోదావరిపై 1900లో తెఱచిన పాత రైలువంతెనను 1997లో విరమింపజేసిరి. దానికి బదులుగా కట్టిన క్రొత్త వంతెన నిలిచిన పిమ్మటనే పాతదానికి విశ్రాంతి లభించినది. పాతది కూల్చి, క్రొత్తది లేచువఱకు రైళ్లను ఒడ్డున నిలుపలేదు. సర్వర్లను గూడ నట్లే జంటగా నుంచుదురు. ఒకదానిమీద పాత ప్రోగ్రాము నడుచుచుండగా, రెండవదానిమీద క్రొత్తదానిని సిద్ధపఱచి, పరీక్షించి, జనులను అటు త్రిప్పుదురు. చెడినచో క్షణములో ఇటు త్రిప్పుదురు. పాతది చెక్కుచెదరక యుండును.

అయితే యిచట నొక మెలిక కలదు. ప్రోగ్రామును వెనుకకు త్రిప్పవచ్చునుగాని కవిలెను త్రిప్పుట సులభము కాదు. క్రొత్త ప్రోగ్రాము గంటసేపు నడచినచో ఆ గంటలో జనులు చెల్లించిన సొమ్ము, చేసికొన్న రిజిస్ట్రేషన్లు కవిలెకెక్కియుండును. పాతదినమునకు పోయెదమన్న వారి గతి యేమి? కావున కవిలెలో క్రొత్తగళ్లను చేర్చుట ముందు, పాతగళ్లను తీసివేయుట చాలకాలము తర్వాత; ఈ నడుమ రెండు ప్రోగ్రాములును ఆ కవిలెను చదువగలిగియుండవలెను. ఒక్క రాత్రిలో కవిలె రూపమంతయు మార్చువాడు తాను దాటిన తెప్పను తగులబెట్టుకొనువాడు. ఇక కవిలెకు నకళ్లు తీసియుంచుట చాలదు. ఆ నకలునుండి కవిలెను మఱల నిలుపగలమా యని అప్పుడప్పుడు నిలిపి చూడవలెను. 2017 జనవరి 31వ తేదీన గిట్‌ల్యాబ్ అను సంస్థలో నొక ఇంజనీరు పొరపాటున అసలు డేటాబేసునే తుడిచివైచెను. నకళ్లు తీయుటకు ఆ సంస్థవారు పెట్టుకొన్న మార్గములు ఐదు. అవసరమునకు ఒక్కటియు సరిగా నక్కఱకు రాలేదు. అదృష్టవశమున ఆఱుగంటలముందు వేఱుపనికై తీసిన నకలొకటి దొరకినది. ఆ యాఱుగంటల వ్రాతలు మాత్రము పోయెను.

క్రమక్రమముగా తెఱచుటకు దృష్టాంతము కావలెనన్న, ఇంగ్లండు ప్రభుత్వము తన శాఖల సమాచారమునంతయు నొక్కచోట చేర్చిన గవ్ డాట్ యూకే కలదు. 2011లో దానికొక నమూనా చేసి ప్రజల ముందు పెట్టిరి. 2012 ఆరంభమున ప్రయోగరూపమున తెఱచి, జనులు చెప్పిన లోపములను దిద్దుకొనిరి. ఆ యేడు అక్టోబరులో పాత సైటునకు బదులుగా దానిని నిలిపిరి. ఈ మార్గము మన నాట అసాధ్యమను వారికి మన నాటిదే యొక సంగతి మనవి చేసెదము. తెలంగాణములో భూముల వ్యవహారమునకు 2020 అక్టోబరు 29వ తేదీన ధరణి పోర్టలును ఆరంభించిరి. దాని స్థానమున 2025 ఏప్రిల్‌లో తెచ్చిన భూభారతిని మొదట నాలుగు మండలములలో ప్రయోగాత్మకముగా నడిపి, పిమ్మట రాష్ట్రమంతటికి విస్తరించుటకు పూనిరి. ఈ రెండు చట్టముల గుణదోషముల చర్చ యిచట మాకు ప్రసక్తము కాదు. దానిని రైతులే తేల్తురు. నాలుగు మండలములు ముందు, తక్కినవి వెనుక అను క్రమము మాత్రము సరియైన క్రమమని యేపక్షమువారైనను ఒప్పుకొనక తప్పదు.

ఇచట నొక యాక్షేపము రాగలదు. “మార్పువలననే ప్రమాదమైనచో మార్పునే తగ్గింపరాదా? ఏడాదికొక్కసారి, పదిమంది సంతకములతో మార్చినచో చాలును గదా” యని కొందఱందురు. ఏ ప్రమాదము జరిగినను కార్యాలయములు చేయుచున్నదియు నిదియే. ఒక సంతకమును చేర్చుటయు, ఒక సమితిని వేయుటయు. ఈ వాదము వినుటకు ఇంపుగా నున్నదేగాని ఫలము విపరీతము. ఏడాదికొక్కసారి చేయుమార్పులో మూడువందల చిన్నమార్పులు కుప్పగానుండును. చెడినప్పుడు వానిలో చెఱచినదేదో వెదకుటకే వారము పట్టును. ఒక్క చిన్నమార్పును చేసి చూచినవానికి చెడినదేదో తెలియును, తీసివేయుటయు సులభము. ఫోటోల సైటైన ఫ్లికర్ ఇంజనీర్లు తాము దినమునకు పదిసార్లకు మించి క్రొత్త ప్రోగ్రామును సర్వరునకెక్కించుచున్నామని 2009లో నొక సభలో చెప్పగా విన్నవారు విస్తుపోయిరి. నేడది పెద్దసంస్థలలో సామాన్యాచారము. నిదానమే ప్రధాన మను సామెతకు అర్థము అరుదుగా చేయుమనికాదు. కొంచెము కొంచెముగా, కన్నులు తెఱచికొని చేయుమని.

వేఱొక యాక్షేపము: తప్పు చేసినవానిని దండించినచో నింత చర్చ యేలయని. ఎవనిని దండించుట? అర్ధరాత్రి మూడుగంటలకు, రెండుదినములుగా నిద్రలేక, తెల్లవాఱిన ప్రారంభోత్సవమున్నదని తఱుముచుండగా, తప్పుమీట నొక్కిన యువకునినా? అట్టివానిని పంపివేసినచో మఱుసటివాడు నేర్చుకొనునది జాగ్రత్తగాదు, దాచుట. గిట్‌ల్యాబ్ వారు ఆ రాత్రి తమ మరమ్మతునంతయు లోకము చూచుచుండగనే జరిపి, పిమ్మట ఏది యెట్లు చెడెనో ప్రకటించిరి. ఆ ఇంజనీరును బలియీయలేదు. ఇంగ్లండువారు జరిమానా వేసినది మీట నొక్కినవానికిగాదు, పైనున్న యధికారికి. ఈ రెండింటియందును న్యాయమొక్కటే: చేతిని గాక నిర్ణయమును విచారింపవలెను. పరీక్షకు కాలము లేదన్నదెవరు? తిరుగుదారి లేదని తెలిసియు దినమును మార్చనన్నదెవరు? ఈ ప్రశ్నలకు జవాబీయవలసినవారు సర్వరుగదిలో నుండరు.

ఇట్టి పద్ధతులు మనకు చేతగావనుటయు వినుచున్నాము. ఇది వట్టిమాట. నేడు హైదరాబాదు మాధాపురపు మేడలలోను, బెంగుళూరులోను, అమెరికాలోని పెద్దసంస్థలలోను ఈ పనినే నిత్యము చేయువారిలో తెలుగుబిడ్డలు వేలకొలది యున్నారు. పరదేశపు వర్తకుని సర్వరును వారు జంటసర్వర్లతో, కేనరీతో, నిమిషనిమిషపు లెక్కలతో కంటికి ఱెప్పవలె కాపాడుచున్నారు. వారి తల్లి పెన్షనుకై నిలుచు వరుసలోనేమో “సర్వరు డౌను” అను మాటయే వినబడుచున్నది. విద్య మన యింటనే యున్నది. లేనిది ఆ విద్యకు మన కార్యాలయములలో నీయవలసిన అధికారమును, అడుగువారును.

ఇంకొక్క విషయము. ఎంతటి జాగ్రత్తపరులకును ఒకనాడు తప్పు జరుగును. 2024 జులై 19వ తేదీన క్రౌడ్‌స్ట్రైక్ అను రక్షణసంస్థ పంపిన లోపభూయిష్టమైన మార్పు, దశలవారీగా గాక లోకమంతటికి నొక్కసారి పోగా, 85 లక్షల కంప్యూటర్లు నిలిచిపోయెను. ఆ సంస్థ 78 నిమిషములలోనే తన మార్పును ఉపసంహరించుకొన్నను, అప్పటికే నిలిచిన యంత్రములను అనేకచోట్ల ఒక్కొక్కదానిని చేతితో సరిచేయవలసివచ్చెను. ఆ దినమున హైదరాబాదు విమానాశ్రయములో ప్రయాణికులకు బోర్డింగు పాసులను చేతితో వ్రాసి యిచ్చిరి. చూచినవారు నవ్విరి. మాకది నవ్వుగా తోపలేదు. కాగితమును కలమును ఉండుటచేతనే ఆ విమానములు కదలెను. విమానమెక్కువానికి దొరకిన ఆ సదుపాయము చౌకదుకాణమున వృద్ధురాలికి దొరకనక్కఱలేదా? సర్వరు నిలిచినను ఆనాటి బియ్యము ఆనాడే ఇచ్చి, లెక్కను పుస్తకమున వ్రాసి, మఱునాడు ఎక్కించుకొనుటకు అడ్డేమి? యంత్రము మనుష్యునికి సాయపడుటకేగాని, యంత్రము నిద్రించినపుడు మనుష్యుడు పస్తుండుటకు గాదు.

కావున ప్రజాధనముతో నడుచు ప్రతి సర్వరు విషయమునను ప్రభుత్వములను మన మడుగవలసినవి ఐదు. ఒకటి, ఏ క్రొత్త సేవను గాని మొదట కొలదిమందికి తెఱచి, లోపములు చూచిన పిమ్మటనే అందఱికిని తెఱువవలెను; ప్రారంభోత్సవము కావలెనన్న, సేవ నెలదినములు చక్కగా నడచిన పిమ్మట చేసికొనవచ్చును. రెండు, క్రొత్తది నిలద్రొక్కుకొనువఱకు పాతది మూయరాదు. తిరుగుదారిని పరీక్షించి చూపనిదే దారి తెఱువరాదు. మూడు, సిద్ధముగా లేదని చెప్పి ఆపగల యధికారము పనిచేయు ఇంజనీరుకు వ్రాతపూర్వకముగా నుండవలెను. గడువుల తుదిదినములలో ఏ మార్పును చేయరాదు. నాలుగు, సేవ స్తంభించిన ప్రతిసారి, ఎంతసేపు, ఏ కారణమున, ఇక ముందేమి చేయుదురో తెలుగున వ్రాసి అదే కార్యాలయపు గోడమీద అంటింపవలెను. ఐదు, సర్వరు లేనినాడు పని యెట్లు జరుగవలెనో ప్రతి కార్యాలయమునకును నియమముండవలెను. ఆ దినపు ఆలస్యమునకు పౌరునిపై అపరాధరుసుము వేయరాదు.

వీనిలో నేదియు కోట్లు వెచ్చింపవలసినది కాదు. అన్నియు ఓర్పును, ఒప్పుకోలును, జవాబుదారితనమును కోరునవి. పఠనమందిరములలో కూర్చుండి యీ పంక్తులు చదువు పెద్దలకును యువకులకును మా మనవి యొక్కటి. ఇకమీదట “సర్వరు డౌను” అను మాట వినబడినపుడు, తల యూచి తిరిగిపోకుడు. ఎప్పటినుండి, ఏ మార్పువలన, ఎవరి యుత్తరువున, మఱల ఎన్నిగంటలకు అని నాలుగు ప్రశ్నలడుగుడు. గవాక్షము వెనుకనున్న గుమాస్తాకు జవాబు తెలియకపోవచ్చును. ఆతడు పైవానిని అడుగును. ఆ పైవాడు మఱియొకరిని అడుగును. ఆ ప్రశ్న మేడలెక్కుచు మీట నొక్కినవారివఱకు పోయిననాడు, మన సర్వర్లు వానివలె వఱదవలె దైవాధీనములుగా నుండవు. మన కాలువలవలె మనుష్యాధీనములగును.